ప్రాసిక్యూటర్ ఎంపికలో బాధితుల మాటేది?

నేరం ఒక వ్యక్తిపై జరిగినా సమాజం మొత్తంపై జరిగినట్టే భావించి కోర్టులో ప్రభుత్వమే వాదిగా నిలుస్తుంది. న్యాయస్థానం పగ తీర్చుకునే వేదిక కాకూడదన్న ముందుచూపు ఆ సూత్రంలో ఉంది. అయితే నిందితులు అధికారానికి దగ్గరివారైనప్పుడు ఆ వాదే మెత్తబడితే బాధితులకు మిగిలే దారేమిటి? చట్టం చూపుతున్న దారి ప్రత్యేక పబ్లిక్ ప్రాసిక్యూటర్. ఆ నియామకం కూడా పూర్తిగా ప్రభుత్వ విచక్షణకే లోబడి ఉండటం ఆందోళనకరం.

2024 జులై 1న అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత ఈ స్థితిని మార్చలేదు. కనీసం పదేళ్ల అనుభవమున్న న్యాయవాదిని ఒక కేసుకో, ఒక తరహా కేసులకో ప్రభుత్వం నియమించవచ్చని 18వ సెక్షన్ చెబుతుంది. బాధితుల దరఖాస్తుపై ఇన్నాళ్లలోగా నిర్ణయం తీసుకోవాలని గానీ, నిరాకరిస్తే కారణం చెప్పాలని గానీ అందులో లేదు. కోర్టు అనుమతితో బాధితులు సొంత న్యాయవాదిని పెట్టుకోవచ్చన్న 2008 నాటి సవరణ కొత్త చట్టంలోనూ కొనసాగుతోంది. కానీ ఆయన సహాయకుడే. సాక్షులను స్వయంగా ప్రశ్నించడం, మౌఖికంగా వాదించడం ఆయన పరిధిలోకి రావని 2019లో సుప్రీంకోర్టు తేల్చింది. దర్యాప్తు నుంచి అప్పీలు దాకా తమ వాదన వినిపించే హక్కు బాధితులకు ఉందని 2022లో లఖింపుర్ ఖేరీ కేసులో అదే న్యాయస్థానం చెప్పింది. ప్రాసిక్యూషన్‌ను నడిపేదెవరన్న దగ్గర మాత్రం వారికి దక్కుతున్నది విన్నవించుకునే అవకాశమే.

ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కొంత మెరుగు. బాధితులు కోరితే ప్రముఖ సీనియర్ న్యాయవాదిని నియమించే వీలు 1995 నాటి నియమాల్లో ఉంది. చుండూరులో 1991 ఆగస్టు 6న ఎనిమిది మంది దళితులు హతమయ్యారు. ఊళ్లోనే ఏర్పాటైన ప్రత్యేక కోర్టు 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష విధించగా, 2014లో హైకోర్టు ఆ శిక్షలను రద్దు చేసింది. తీర్పుల మంచిచెడ్డలు అటుంచుదాం. కింది కోర్టు తీర్పు కోసమే పదహారేళ్లు సాక్షులు నిలబడాల్సి వచ్చిన కేసులో, వారి విశ్వాసం పొందిన న్యాయవాది అవసరం ఎంతటిదో తెలుగునేలకు ఒకరు చెప్పనక్కర్లేదు.

నియామక ఉత్తర్వు వెలువడినంత మాత్రాన గండం గడిచినట్టు కాదని కేరళ అనుభవం హెచ్చరిస్తోంది. 2018లో అట్టపాడిలో దొంగతనం చేశాడంటూ ఒక ఆదివాసీ యువకుణ్ని మూకదాడిలో చంపేశారు. ఆ కేసులో ప్రాసిక్యూటర్లు ఒకరి తర్వాత ఒకరు తప్పుకున్నారు. 2022 జనవరిలో కేసు విచారణకు వస్తే, ప్రత్యేక ప్రాసిక్యూటర్ ఎక్కడని న్యాయస్థానమే అడగాల్సి వచ్చింది. విచారణ మొదలయ్యాక సాక్షులు వరసగా ఎదురుతిరిగారు. కుటుంబసభ్యులు పట్టుబట్టాక మరొకరు బాధ్యత చేపట్టారు. చివరకు 2023 ఏప్రిల్‌లో 16 మంది నిందితుల్లో 14 మంది దోషులుగా తేలారు. అంత పట్టుదల, అంతటి ప్రజామద్దతు ప్రతి బాధిత కుటుంబానికీ దొరకవు.

బాధితులు కోరిన న్యాయవాదిని కళ్లు మూసుకుని నియమించాలని ఎవరూ అనరు. ఫిర్యాదుదారు కోరినంత మాత్రాన యాంత్రికంగా నియామకం జరగకూడదని, అభ్యర్థనను పరిశీలించాకే నిర్ణయించాలని సుప్రీంకోర్టు 1988లోనే చెప్పింది. ప్రాసిక్యూటర్ కోర్టుకు జవాబుదారీ. నిందితుడికి అనుకూలమైన సాక్ష్యాన్నీ దాచకూడదు. ఫిర్యాదుదారు జేబు నుంచి ఫీజు అందుకునే వకీలుకు ఆ నిష్పాక్షికత కష్టం. ఫీజు భారం ఖజానాదే కావాలనడానికి ఇదే కారణం. జీవో ఇచ్చి ఫీజు బకాయి పెట్టే ప్రభుత్వం తన న్యాయవాదిని తానే బలహీనపరుస్తున్నట్టు.

రాష్ట్ర ప్రభుత్వాలు నిర్ణీత గడువులోగా దరఖాస్తులను తేల్చి, తిరస్కరిస్తే కారణాలను లిఖితపూర్వకంగా తెలపాలి. సాక్షుల వాంగ్మూలాలు మొదలయ్యేలోపే నియామకం పూర్తయ్యేలా విచారణ న్యాయస్థానాలు చూడాలి. చట్టసభలు పూడ్చాల్సిన లోపం మరొకటుంది. బాధితుల మాట వినకుండా కేసు ఉపసంహరణకు కోర్టు అనుమతించరాదని కొత్త సంహిత 360వ సెక్షన్ శాసించింది. అధికారం చేతులు మారగానే కేసును ఉపసంహరించకుండా ప్రాసిక్యూటర్‌నే తప్పిస్తే ఆ రక్షణ వర్తించదు. రెండింటి ఫలితమూ ఒకటే కాగలదు కనుక, ప్రాసిక్యూటర్‌ను తొలగించే ముందు కూడా బాధితుల వాదన వినడం తప్పనిసరి చేయాలి.