అండమాన్ ప్యాకేజీలో 'మూడో రోజు': మనం చూడబోయేది గుహలనా, మనుషులనా?

'మూడో రోజు: తెల్లవారుజామున 3 గంటలకు హోటల్ నుంచి పికప్. రోడ్డు మార్గంలో బారాటాంగ్. సున్నపురాయి గుహలు, మట్టి అగ్నిపర్వతం. సాయంత్రానికి తిరిగి హోటల్.'

అండమాన్ వెళ్లాలనుకున్న మా పిన్ని నాకు వాట్సాప్‌లో పంపిన ప్యాకేజీలో ఉన్న వాక్యాలివి. ఆమె అడిగింది చిన్న ప్రశ్నే. ''మీ బాబాయికి మోకాళ్ల నొప్పులు. అర్ధరాత్రి లేచి అంత దూరం వెళ్లాలా? ఇది తీసేస్తే ఏమైనా మిస్సవుతామా?''

హైదరాబాద్, విశాఖ, విజయవాడల నుంచి అండమాన్ వెళ్లే చాలా కుటుంబాలకు ఇలాంటి కాగితమే చేతికొస్తుంది. మొదటి రోజు సెల్యులార్ జైలు. తర్వాత రాస్ ఐలాండ్, నార్త్ బే. ఆపైన హేవ్‌లాక్, నీల్ దీవులు. మధ్యలో ఎక్కడో ఒకచోట బారాటాంగ్. రాస్, హేవ్‌లాక్, నీల్ దీవుల పేర్లను 2018లో మార్చారు. పోర్ట్ బ్లెయిర్ కూడా 2024 సెప్టెంబరులో శ్రీ విజయపురం అయింది. కానీ ప్యాకేజీల్లో ఇంకా పాత పేర్లే తిరుగుతున్నాయి.

టూర్ ఎంచుకోవడమంటే మనకు సాధారణంగా ధర, హోటల్, భోజనం, రివ్యూలు. అండమాన్‌లో వీటికి ముందు తేల్చుకోవాల్సిన ప్రశ్న ఒకటుంది. ఆ మూడో రోజు కారు ఏ దారిలో వెళ్తుంది?

గుహ కోసమా, దారి కోసమా?

శ్రీ విజయపురం నుంచి ఉత్తరానికి వెళ్లే అండమాన్ ట్రంక్ రోడ్డు జిర్కాటాంగ్ చెక్‌పోస్టు దాటగానే జరావా ఆదిమ తెగ రిజర్వులోకి ప్రవేశిస్తుంది. అక్కడి నుంచి మిడిల్ స్ట్రెయిట్ రేవు దాకా దాదాపు 50 కిలోమీటర్లు దట్టమైన అడవి. వాహనాలను విడివిడిగా వదలరు. నిర్ణీత వేళల్లో కాన్వాయ్‌గా పంపిస్తారు. పర్యాటకులను అర్ధరాత్రి లేపేది తెల్లవారగానే బయలుదేరే మొదటి కాన్వాయ్‌ని అందుకోవడానికే. దారిలో ఆగకూడదు. ఫొటోలు, వీడియోలు తీయకూడదు. ఎవరికీ తినే వస్తువు ఇవ్వకూడదు. వేగానికీ పరిమితి ఉంది.

రేవు దగ్గర ఫెర్రీలో జలసంధి దాటి, స్పీడ్‌బోటులో మడ అడవుల మధ్య నుంచి వెళ్లి, కిలోమీటరుకు పైగా నడిస్తే గుహ వస్తుంది. ఆ పడవ ప్రయాణం నిజంగానే బాగుంటుంది. కానీ గుహ కోసమే వెళ్తున్నామంటే మాత్రం మనవాళ్లు ఒక్క క్షణం ఆలోచించాలి. అరకు దారిలోని బొర్రా గుహలూ సున్నపురాయివే. నంద్యాల జిల్లాలో 3 కిలోమీటర్లకు పైగా పొడవున్న బెలుం గుహలూ అవే. బారాటాంగ్ గుహ వాటి ముందు చిన్నది. మట్టి అగ్నిపర్వతం అంటే చాలామంది ఏదో ఊహించుకుంటారు. అక్కడ కనిపించేది బుడగలు తేలే బురద గుంట. భూగర్భ శాస్త్రం మీద ఆసక్తి ఉన్నవాళ్లకు అది విశేషమే. మిగతావాళ్లకు అయిదు నిమిషాల పని.

మరి ఒక పూర్తి రోజు, ఒక రాత్రి నిద్ర పోగొట్టుకునేంత గిరాకీ దీనికి ఎందుకుంది? జవాబు ప్యాకేజీ కాగితం మీద ఉండదు. అది మాటల్లో వస్తుంది. అదృష్టం ఉంటే దారిలో 'వాళ్లు' కనిపిస్తారని ఏజెంటు, డ్రైవరు, అంతకుముందు వెళ్లొచ్చిన బంధువు, ఎవరో ఒకరు చెబుతారు. పులి కనిపించవచ్చని అభయారణ్యంలో చెప్పే మాట లాంటిదే ఇది. కాకపోతే ఇక్కడ ఆ మాట మనుషుల గురించి.

కోర్టు చెప్పింది, కార్లు ఆగలేదు

2011 జనాభా లెక్కల ప్రకారం జరావాలు 380 మంది. మన ఊళ్లలో ఒక చిన్న అపార్ట్‌మెంటు సముదాయంలో ఉండేంతమంది. 1970లలో వారి అడవిని చీల్చుతూ ఈ రోడ్డు వేస్తున్నప్పుడు బాణాలతో ఎదిరించారు. 1990ల చివరి దాకా బయటివారిని దగ్గరికి రానివ్వలేదు. ఆ తర్వాతే పగటిపూట అడవి నుంచి బయటకు రావడం మొదలైంది. అది మొదలైన కొద్ది కాలానికే, 1999లో వారిలో తట్టు వ్యాపించింది. 2006లో మరోసారి వచ్చింది. మన పిల్లలకు టీకాతో పోయే జబ్బు అది. శతాబ్దాలుగా బయటి లోకంతో కలవని జనానికి అది ప్రాణాంతకం కాగలదు.

2002 మేలో సుప్రీంకోర్టు జరావా రిజర్వు గుండా వెళ్లే రోడ్డు భాగాన్ని మూసివేయాలని ఆదేశించింది. రోడ్డు మూతపడలేదు. 2004లో ప్రకటించిన జరావా విధానం కూడా ఈ దారిలో రాకపోకలు తగ్గాలనే చెప్పింది.

2012 జనవరిలో బ్రిటన్ పత్రిక 'ది అబ్జర్వర్' ఒక వీడియో బయటపెట్టింది. పర్యాటకుల ముందు జరావా స్త్రీల చేత తిండి ఆశ చూపి డాన్స్ చేయిస్తున్న దృశ్యాలవి. దేశమంతా సిగ్గుపడింది. 'మానవ సఫారీ' అనే మాట అప్పుడే మన పత్రికల్లోకి గట్టిగా వచ్చింది. ఆదిమ తెగల రక్షణ కోసం 1956లో చేసిన నిబంధనలను అదే ఏడాది సవరించి శిక్షలు పెంచారు. 2013 జనవరిలో సుప్రీంకోర్టు ఆ రోడ్డు మీద పర్యాటకులను తాత్కాలికంగా ఆపింది. మార్చికల్లా కాన్వాయ్‌లు మళ్లీ కదిలాయి.

2017లో బారాటాంగ్‌కు ప్రత్యామ్నాయంగా సముద్ర మార్గం ప్రారంభమైంది. ఇక పర్యాటకులు పడవల్లోనే వెళ్తారని అనుకున్నారు. అలా జరగలేదు. కారులో వెళ్లే సౌలభ్యం, డ్రైవర్ల ఉపాధి, ఏజెంట్ల లెక్కలు అన్నీ రోడ్డు వైపే ఉన్నాయి. అన్నిటికీ మించి, సముద్రం మీద వెళ్తే 'వాళ్లు' కనిపించరు.

ఇక్కడ రాజ్యం చేసిన పని గమనించాలి. రోడ్డు మీద ఎలా ప్రవర్తించాలో నిబంధనలు పెట్టింది. ఆ రోడ్డు మీదకు విహారయాత్ర ఎందుకు వెళ్లాలన్న ప్రశ్నను మాత్రం వదిలేసింది. థాయ్‌లాండ్‌లో మాయా బే తీరాన్ని పగడపు దిబ్బల కోసం 2018లో మూసేశారు, మూడేళ్లకు పైగా తెరవలేదు. ఫిలిప్పీన్స్ అదే ఏడాది బొరకాయ్ దీవిని ఆరు నెలల పాటు పర్యాటకులకు మూసేసింది. ప్రభుత్వం తేల్చాల్సింది తేల్చకపోతే, ఆ నిర్ణయం చివరికి ప్యాకేజీ కొనే మనిషి చేతిలో పడుతుంది. అండమాన్‌లో జరిగింది అదే.

'మనం ఒక్కళ్లం మానేస్తే?'

ఈ కథంతా చెప్పాక మా పిన్ని అడిగింది. ''మనం ఒక్క కారు వెళ్లకపోతే ఆ రోడ్డు ఆగిపోతుందా?''

న్యాయమైన ప్రశ్నే. దీన్ని రెండుగా విడదీసి చూడాలి.

మొదటిది, రోడ్డు ఎవరికి అవసరం? రంగత్, మాయాబందర్, డిగ్లిపూర్ వైపు ఉండేవారికి ఆసుపత్రి, కాలేజీ, సరుకులు అన్నిటికీ ఈ దారే ఆధారం. వారిలో మనవాళ్లూ ఉన్నారు. 2011 లెక్కల ప్రకారం అండమాన్ నికోబార్ జనాభాలో 13 శాతం మంది మాతృభాష తెలుగు. ఉత్తరాంధ్ర నుంచి తరాల కిందట వలస వెళ్లిన కుటుంబాలు అక్కడ చాలా ఉన్నాయి. నెలలు నిండిన గర్భిణిని పెద్దాసుపత్రికి తీసుకెళ్లే కారునూ, సెల్ఫీ కోసం వెళ్లే కారునూ ఒకే గాటన కట్టలేం. రోడ్డు మూసేయాలా వద్దా అన్నది పెద్ద చర్చ. దానిలో అక్కడి ప్రజల మాట వినాల్సిందే. విహారయాత్ర మానుకోవడానికి మాత్రం ఆ చర్చ తేలేదాకా ఆగనక్కర్లేదు.

రెండోది, ఒక్క కారు లెక్క. ప్యాకేజీ కాగితం శాసనం కాదు. అడిగేవాళ్లు ఉన్నారు కాబట్టి ఆ లైను అందులో ఉంది. పది కుటుంబాలు 'అది తీసి ఇంకో దీవి పెట్టండి' అంటే పదకొండో కుటుంబానికి వెళ్లే కాగితంలో అది ఉండదు. ట్రావెల్ వ్యాపారంలో సుప్రీంకోర్టు ఆదేశం కంటే వేగంగా పనిచేసేది కస్టమర్ మాటే.

2025 మార్చిలో ఒక అమెరికన్ కొబ్బరికాయ, కోలా డబ్బా పట్టుకుని నిషిద్ధమైన ఉత్తర సెంటినెల్ దీవి మీద దిగి అరెస్టయ్యాడు. మనమంతా అతని తెలివితక్కువతనానికి నవ్వుకున్నాం. అతను వెళ్లింది చట్టం మూసిన తలుపులోంచి. మనం వెళ్తున్నది చట్టం ఓరగా తెరిచి ఉంచిన తలుపులోంచి. లోపలికి తొంగిచూడాలన్న కుతూహలం మాత్రం ఒకటే.

ఆ కుతూహలం ఎక్కడికి దారి తీస్తుందో చెప్పే ఉదాహరణ ఆ దీవుల్లోనే ఉంది. 1858లో బ్రిటిష్‌వారు పోర్ట్ బ్లెయిర్‌లో ఖైదీల స్థావరం పెట్టేనాటికి గ్రేట్ అండమానీలు వేల సంఖ్యలో ఉండేవారు. ఇప్పుడు కొన్ని పదుల మంది మిగిలారు. వారి భాషల్లో ఒకటైన 'బో' మాట్లాడే చివరి మనిషి బోవా సీనియర్ 2010 జనవరిలో కన్నుమూశారు. ఆమెతోపాటే ఆ భాషా పోయింది.

మిగతా రోజుల సంగతి

బారాటాంగ్ తీసేస్తే అండమాన్‌లో చూడటానికేం మిగలదనుకోవద్దు. వండూర్ నుంచి పడవలో వెళ్లే జాలీ బోయ్ దీవి మంచి ఉదాహరణ. మహాత్మా గాంధీ మెరైన్ నేషనల్ పార్కులో భాగమది. అటవీ శాఖ అనుమతి ఉండాలి. ప్లాస్టిక్ తీసుకెళ్లనివ్వరు. ఏడాదిలో కొంత కాలం దాన్ని మూసి, పక్కనున్న రెడ్ స్కిన్ దీవిని తెరుస్తారు. ప్రకృతికి ఊపిరి తీసుకునే సమయం ఇవ్వాలని ఆ పద్ధతి. పర్యాటకులకు కొంత ఇబ్బందే. కానీ పగడాలు మిగలాలంటే అలాంటి ఇబ్బంది తప్పదు. పగడాలకూ ఓర్పు వచ్చే టూర్ ఇలా ఉంటుంది.

సముద్రం మీద మన ప్రాణాల లెక్క కూడా చూసుకోవాలి. 2014 జనవరి 26న పోర్ట్ బ్లెయిర్ దగ్గర పర్యాటకుల పడవ మునిగి 20 మందికి పైగా చనిపోయారు. సామర్థ్యానికి మించి ఎక్కించడం ఆ ప్రమాదంలో ప్రధానంగా బయటపడిన లోపం. మనకిది కొత్త పాఠం కాదు. 2019 సెప్టెంబరు 15న పాపికొండల యాత్రకు వెళ్లిన బోటు కచ్చులూరు దగ్గర గోదావరిలో మునిగిన రోజును తెలుగువాళ్లెవరూ మరచిపోలేదు. రెండు చోట్లా ఎక్కినవాళ్లు ఎవరో పెట్టిన ఏర్పాటును నమ్మి ఎక్కారు.

హేవ్‌లాక్‌లో స్కూబా డైవింగ్ విషయంలోనూ అంతే. నీళ్లలోకి దిగే ముందు ఆరోగ్య వివరాల ఫారం నింపిస్తారు. అందులో ఆస్తమా, గుండె జబ్బు, చెవి సమస్య ఉన్నా 'లేదు' అని టిక్ పెట్టేసేవాళ్లు మనలో చాలామంది. డబ్బు పోతుందని అలా చేస్తే ప్రమాదం మనకే. డైవ్ చేసిన తర్వాత విమానం ఎక్కడానికి వ్యవధి ఉండాలి. ఒక్కసారి దిగితే కనీసం 12 గంటలు, ఒకటికి మించి దిగితే 18 గంటలు ఆగాలన్నది డైవింగ్ నిపుణుల సూచన. చివరి రోజు ఉదయం డైవ్, మధ్యాహ్నం ఫ్లైట్ అని రాసిన ప్యాకేజీ కనిపిస్తే, ఆ రాసినవాళ్లకు సముద్రం గురించి తెలియదని అర్థం.

డబ్బు కట్టే ముందు అడగాల్సినవి

అడ్వాన్సు పంపే ముందు ఏజెంటును నాలుగు ప్రశ్నలు అడగండి. జవాబులు ఫోనులో కాదు, రాతపూర్వకంగా తీసుకోండి.

బారాటాంగ్ ఉంటే అది ఏ దారిలో? రోడ్డయితే దాన్ని తీసేసి ఆ రోజు మరో చోటికి మార్చగలరా? ఎంత తగ్గిస్తారు?

పడవలకు లైసెన్సు ప్రకారం ఎంతమంది పడతారు? పిల్లల సైజు లైఫ్ జాకెట్లు ఉన్నాయా?

డైవ్ చేయించేవారికి ఏ సంస్థ సర్టిఫికెట్ ఉంది? ఒక్కో శిక్షకుడితో ఎంతమంది దిగుతారు?

వాతావరణం బాగోలేక ఫెర్రీ రద్దయితే ఆ రాత్రి హోటల్ ఖర్చు ఎవరిది?

వీటికి విసుక్కునే ఏజెంటు దగ్గర ధర తక్కువున్నా వదిలేయండి. 'అక్కడ జరావాలు కనిపిస్తారు సార్' అని ఊరించే ఏజెంటును అసలు నమ్మకండి. ఆదిమ తెగలను ఎర చూపి పర్యాటకులను పిలవడాన్ని 2012 సవరణ నేరంగా పేర్కొంది. ఆ మాట నోట రావడమే అతని గురించి మీకు చెప్పాల్సింది చెప్పేస్తుంది.

మా పిన్ని వాళ్లు చివరికి మూడో రోజు మార్చుకున్నారు. ఏజెంటు మొదట కుదరదన్నాడు. రెండో రోజు ఫోన్ చేసి కుదురుతుందన్నాడు. డబ్బు మాత్రం తగ్గించలేదు. ఆ రోజు పొద్దున్నే తీరిగ్గా లేచి, సాయంత్రం చిడియా టాపు వెళ్లి సూర్యాస్తమయం చూశారట. బాబాయి మోకాళ్లకూ హాయి.

తిరిగొచ్చాక పక్కింటివాళ్లు ''బారాటాంగ్ వెళ్లలేదా? అడవి మనుషుల్ని చూడలేదా?'' అని అడిగారట. ''వాళ్లింటికి మనల్ని ఎవరు పిలిచారు?'' అన్నదట మా పిన్ని.