సంపాదకుని మాట: కరువు లెక్క, శిస్తు లెక్క

1800లో నిజాం రాయలసీమ, బళ్లారి ప్రాంతాల్లోని దత్తమండలాలను ఈస్టిండియా కుంపిణీకి అప్పగించాడు. కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో పొలాలు కొలిపించి, రైతుకూ సర్కారుకూ నేరుగా లెక్క కట్టాడు. 1807లో వెళ్లిపోతూ ఆయనే శిస్తు పాతిక శాతం తగ్గించాలని రాశాడు. పైవాళ్లు వినలేదు. తగ్గింపు 1820 ప్రాంతంలో గాని రాలేదు. ఆ లోపు రైతు దగ్గర మిగులేదీ?

కర్నూలు ప్రాంతంలోని సి.బెళగల్, ఎమ్మిగనూరు, ఆదోని వైపు నల్లరేగడి నేలల్లో జొన్న, కొర్ర, పత్తి పాతకాలపు పంటలే. రైతుకు కొండంత అండ పాతరలో దాచిన జొన్న. వాన రెండేళ్లు ముఖం చాటేస్తే అదే దిక్కు. శిస్తు మాత్రం రొక్కంలో కట్టాలి, దానికి గింజ అమ్మాలి.

కరువులు కుంపిణీ తెచ్చినవి కావుగా అని అడుగుతారు. నిజమే, 1791-92 నాటి కరువు ఈ సీమకు కుంపిణీ రాకముందుదే. పాళెగాళ్ల దోపిడీ, దండయాత్రలూ తక్కువవి కావు. కానీ 1876-78 నాటి ధాత కరువు చూడండి. ఆదోని మీదుగా రాయచూరుకు రైలు అప్పటికే ఉంది, సుంకేసుల నుంచి కాలువ ఉంది. అయినా కర్నూలు జిల్లా జనాభా 1871, 1881 లెక్కల మధ్య సుమారు నాలుగో వంతు పడిపోయింది. వాన ఎగ్గొట్టడం ప్రకృతి పని. కరువు పనుల కూలీకి రోజుకు పౌండు గింజలు, ఒక అణా చాలని, కరువు పరిశీలనకు సర్కారు పంపిన రిచర్డ్ టెంపుల్ నిర్ణయించడం మాత్రం సర్కారు పనే.

ఈ సంచికలో భూమి కొలతల దస్త్రాలపై మూడు వ్యాసాలున్నాయి.