చివరి గడిలో 'గుణాత్మకం'

స్వచ్ఛంద సంస్థల వార్షిక నివేదికలు తిరగేసే అలవాటున్న వారందరికీ ఆ చివరి గడి తెలిసే ఉంటుంది. మొదటి పేజీల నిండా పట్టికలు. ఎన్ని గ్రామాలు, ఎన్ని సంఘాలు, ఎంతమంది సభ్యులు, ఎన్ని శిక్షణలు, ఎన్ని కుట్టుమిషన్లు. లెక్కలన్నీ అయ్యాక చివరి పేజీలో 'గుణాత్మక ఫలితాలు' అని ఒక గడి. అందులో నాలుగు వాక్యాలు. మహిళల్లో చైతన్యం పెరిగింది, ఆత్మవిశ్వాసం పెరిగింది, నిర్ణయాల్లో భాగస్వామ్యం పెరిగింది. పక్కనే నవ్వుతున్న ఒక స్త్రీ ఫొటో. ఏ జిల్లా నివేదికైనా, ఏ ఏడాది నివేదికైనా ఆ నాలుగు వాక్యాలూ అవే.

'గుణాత్మకం' అనే మాటను ఈ గడిలోకి కుదించడం కేవలం భాషకు సంబంధించిన తప్పిదం కాదు. స్త్రీలు తమ బతుకు గురించి తాము చెప్పేదాన్ని సాక్ష్యంగా కాక అలంకారంగా చూసే రాజకీయం దీని వెనక ఉంది. అందుకే ఈ మాట గురించి కాస్త తగువు పడాల్సిన అవసరం ఉంది.

ముందు మాటనే చూద్దాం. తెలుగులో 'గుణం' చాలా పనులు చేస్తుంది. మందు 'గుణం ఇచ్చింది' అంటే జబ్బు నయమైందని. పెళ్ళిచూపుల్లో 'పిల్ల గుణం మంచిదే' అంటే అణిగిమణిగి ఉంటుందని. లెక్కల పుస్తకంలో గుణకారం, పలక మీద గుణింతం. అంకెలు కాని విషయాలకు మనం పెట్టుకున్న శాస్త్ర పదం మూలంలోనే హెచ్చవేత ఉండడం ఒక వింత. ఇన్ని అర్థాల మధ్య 'క్వాలిటేటివ్' అనే సాంకేతిక పదానికి 'గుణాత్మకం' అని సమాజశాస్త్రం పేరు పెట్టింది. ఎంత, ఎన్ని అన్న ప్రశ్నలకు జవాబు పరిమాణాత్మకం. ఏమిటి, ఎలాంటిది, ఎవరికి ఏ అర్థంలో, ఎవరితో ఏ సంబంధంలో అన్న ప్రశ్నలకు జవాబు గుణాత్మకం. అంతే. ఇందులో మంచీ లేదు, చెడూ లేదు.

కానీ వాడుకలో జరుగుతున్నదేమిటి? 'నాణ్యమైన చదువు' అనాల్సిన చోట ప్రభుత్వ కాగితాలు 'గుణాత్మక విద్య' అంటాయి. నాణ్యతకూ గుణానికీ వేర్వేరు మాటలున్న భాషలో ఈ గందరగోళానికి ఏ అవసరమూ లేదు. వామపక్ష శిక్షణా తరగతుల్లో పరిమాణాత్మక మార్పు పోగుపడి గుణాత్మక మార్పుగా మారుతుందని నీరు ఆవిరయ్యే ఉదాహరణతో చెప్పేవారు. అక్కడ ఆ మాటకు కచ్చితమైన అర్థం ఉంది, వస్తువు రకమే మారిపోవడం అని. 2018 నాటికి అదే మాట దేశ రాజకీయాల్లో 'గుణాత్మక మార్పు' అనే ఎన్నికల నినాదమై పత్రికల శీర్షికలకెక్కింది. 'ఏదో మంచి జరుగుతుంది' అన్నంత పలచబడింది. ఇక స్వచ్ఛంద రంగంలో దానికి మిగిలిన అర్థం, 'లెక్కకు రాక మిగిలిపోయినది' అని.

నిజానికి లెక్క కంటే ముందు వచ్చేదే గుణం. జనగణన ఫారంలో పురుషుడికి 1, స్త్రీకి 2 అని కోడ్ రాస్తారు. 2011లో ఇతరులకు 3 చేర్చారు. అవి అంకెలే, కానీ స్త్రీ పురుషుడికి రెండింతలని ఎవరూ అనరు. అవి రకాలకు తగిలించిన గుర్తులు. ఎన్ని రకాల మనుషులున్నారో, ఏది పనో, ఏది హింసో, ఏది నష్టమో ఎవరో ముందు నిర్ణయించాకే ఎన్యూమరేటర్ గుమ్మం ఎక్కుతాడు. ఆ నిర్ణయం గుణాత్మకమైనది. దాన్ని ఎవరు చేశారన్నదే అసలు ప్రశ్న.

నెల్లూరు జిల్లా చరిత్రే దీనికి పెద్ద ఉదాహరణ. 1991లో ఈ జిల్లాలో సంపూర్ణ అక్షరాస్యతా ఉద్యమం మొదలైంది. లక్ష్యం అంకెల్లోనే ఉంది, ఇంతమంది నిరక్షరాస్యులను అక్షరాస్యులుగా చేయాలని. రాత్రి బడికి వచ్చిన స్త్రీలు 'సీతమ్మ కథ' పాఠం దగ్గర ఆగారు. తాగుబోతు భర్త, చితికిన సంసారం వారికి కొత్త సంగతులు కావు. ఇది తన ఒక్కదాని తలరాత కాదని నలుగురిలో కూర్చుని చదివినప్పుడు తెలియడమే కొత్త. కలిగిరి మండలం దూబగుంటలో స్త్రీలు సారా అమ్మకాన్ని ఆపించారు. ఆ ఊరి కథ 'ఆడవాళ్ళు ఏకమైతే' అనే పాఠమై మిగతా ఊళ్ళకు చేరింది. దూబగుంట రోశమ్మ పేరు రాష్ట్రమంతటికీ తెలిసింది. 1992లో సారా వేలం పాటలకు వ్యతిరేకంగా వేలాది స్త్రీలు కదిలారు. 1993 ఏప్రిల్ 15 నుంచి నెల్లూరు జిల్లాలో, అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతటా సారాను నిషేధించక ప్రభుత్వానికి తప్పలేదు. 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధమూ వచ్చింది. 1997లో దాన్ని సడలించారు.

ఈ ఉద్యమం అక్షరాస్యతా నివేదికలో ఏ కాలమ్‌లో పడుతుంది? ఎంతమంది పాఠం పూర్తి చేశారో, ఎంతమంది పరీక్ష రాశారో చెప్పే పట్టికలో దానికి చోటు లేదు. చదువు అంటే ఏమిటో, రాజకీయం అంటే ఏమిటో ఆ స్త్రీలు మార్చి చెప్పారు. 1993 జనవరిలో 'ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీ'లో అన్వేషి ప్రచురించిన వ్యాసం ఈ ఉద్యమాన్ని స్త్రీపురుష సంబంధాలను తిరగరాసేదిగా, రాజకీయానికి కొత్త నిర్వచనం ఇచ్చేదిగా చదివింది. తాగుడు మానిపించే సంస్కరణగా మాత్రమే చూసివుంటే ఇది దొరికేది కాదు.

ఆ తర్వాత జరిగింది ఇంకా గమనించదగ్గది. ఉద్యమం వెనువెంటనే 1993లో ఇదే జిల్లాలో 'పొదుపు లక్ష్మి' వచ్చింది. రోజుకో రూపాయి దాచుకునే పథకం. స్త్రీలకు అది ఉపయోగపడలేదని అనడం అన్యాయమే అవుతుంది. కానీ ప్రభుత్వాన్ని నిలదీసిన స్త్రీ పొదుపు చేసే స్త్రీగా మారాక ఆమెను లెక్కపెట్టడం సులువైంది. ఎన్ని సంఘాలు, ఎన్ని కోట్లు, రికవరీ ఎంత శాతం. తర్వాతి సంవత్సరాల్లో సూక్ష్మరుణ సంస్థలు దాదాపు నూరు శాతం రికవరీ చూపించి దాన్నే విజయమన్నాయి. ఆ వాయిదా ఏ చెవిదుద్దులు తాకట్టు పెట్టి కట్టింది, ఇంకే సంస్థ దగ్గర అప్పు తెచ్చి కట్టింది, గుంపు ముందు ఎంత అవమానం భరించి కట్టింది అని పట్టిక అడగలేదు. ఆత్మహత్యల వార్తలు వచ్చాక, 2010 అక్టోబరులో ప్రభుత్వం ఆర్డినెన్సు తేవాల్సి వచ్చింది. అంకె అబద్ధం చెప్పలేదు. అది ఎలాంటి చెల్లింపో అడగకపోవడం వల్ల ప్రమాదాన్నే విజయంగా చూపించింది.

ఇక సముద్రతీరానికి వద్దాం. కావలి నుంచి మైపాడు మీదుగా కృష్ణపట్నం వైపు సాగే తీరంలోని పట్టపుపాళేలలో సర్వే చేసినవారికి 'ప్రధాన వృత్తి' కాలమ్ తెలుసు. మగవాడికి చేపలవేట అని సులువుగా రాస్తారు. అతని భార్యకు? ఒడ్డుకు వచ్చిన చేపను వేరు చేస్తుంది, ఉప్పు పెడుతుంది, ఎండబెడుతుంది, గంప నెత్తిన పెట్టుకుని ఊళ్ళు తిరిగి అమ్ముతుంది, వేట లేని రోజుల్లో అప్పు పుట్టిస్తుంది. ఇందులో ఏది ప్రధానం? ఒక్క గడిలో ఒక్క మాట పట్టే ఫారంలో చివరకు 'గృహిణి' అని పడుతుంది. వాగుల్లో చేత్తో రొయ్యలూ ఎండ్రకాయలూ పట్టే యానాది స్త్రీకి పడవా లేదు, వలా లేదు. ఆమె మత్స్యకారుల లెక్కలోకే రాదు.

ఈ గడి తప్పితే ఏమవుతుందో 2004 డిసెంబర్ 26 సునామీ తర్వాత చూశాం. నష్టపరిహారపు లెక్కలు పడవ, వల, ఇంజను చుట్టూ తిరిగాయి. అవి వస్తువులు, ఎదురుగా కనిపిస్తాయి, ఒకరి పేరున ఉంటాయి, ఆ పేరు దాదాపు ఎప్పుడూ మగవాడిదే. గంప కొట్టుకుపోయింది, ఎండు చేపలు కొట్టుకుపోయాయి, ఊళ్ళలో అరువు మీద అమ్మిన సరుకు బాకీలు ఆగిపోయాయి. ఈ నష్టాలకు ధర కట్టలేకపోవడం సమస్య కాదు. అవి నష్టాలని ముందుగా ఎవరూ గుర్తించలేదు. గుర్తించనిదాన్ని లెక్కపెట్టలేం.

రొయ్యల గుంటల విషయంలో దీనికి ఎదురు ఉదాహరణ ఉంది. 1990ల మొదట్లో ఈ తీరమంతా గుంటలు తవ్వినప్పుడు లెక్క హెక్టార్లలో, టన్నుల్లో, డాలర్లలో ఉండేది. తాగే నీళ్ళు ఉప్పెక్కాయి, ఒడ్డుకు పోయే దారి మూసుకుపోయింది, నీళ్ళకు ఇంకా దూరం నడవాల్సి వస్తోంది అని తీర గ్రామాల ప్రజలు చెప్పిన మాటలు మొదట ఫిర్యాదులు మాత్రమే. తమిళనాడు గాంధేయవాది జగన్నాథన్ వేసిన కేసులో సుప్రీంకోర్టు ఊళ్ళకు పరిశీలకులను పంపాక ఆ మాటలు నివేదికలకెక్కాయి. వాటికి నష్టం అనే పేరు వచ్చింది, ఆపైన విలువా వచ్చింది. 1996 డిసెంబర్ 11న ఇచ్చిన తీర్పులో కోర్టు లాభం కంటే నష్టమే ఎక్కువని అంగీకరించి, తీర నియంత్రణ మండలిలోని గుంటలు తొలగించాలంది. 2005లో వచ్చిన చట్టం ఆ తీర్పును చాలావరకు నీరుగార్చిందన్నది వేరే పోరాటం. ఇక్కడ తెలుసుకోవాల్సింది వరసక్రమం. ముందు మాట, తర్వాత పేరు, ఆ తర్వాతే అంకె.

'అయితే నలుగురు చెప్పిన కథలు సాక్ష్యమా?' అని అధికారులు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. చివరి గడిలోని నాలుగు వాక్యాలు సాక్ష్యం కావు, ఆ ఫొటో అసలే కాదు. 'సక్సెస్ స్టోరీ'ని గుణాత్మక పరిశోధన అనడం శాస్త్రానికీ అన్యాయం, ఆ స్త్రీకీ అన్యాయం. గుణాత్మక పరిశోధనకు తన క్రమశిక్షణ తనకుంది. ఎవరిని అడిగాం, ఎవరిని వదిలేశాం? దురాయి కట్టుబాట్లున్న పాళెంలో కాపు పెద్దల ఎదుట కూర్చోబెట్టి అడిగామా, విడిగా అడిగామా? ఇంట్లో తమిళం కలిసిన మాట మాట్లాడే స్త్రీని పుస్తకాల తెలుగులో ప్రశ్నించామా? మన అంచనాకు అడ్డం వచ్చిన మాటను రాశామా, దాచామా? రాసింది ఆమెకు చదివి వినిపించామా? వీటికి జవాబు లేని 'కేస్ స్టడీ' ప్రచార కరపత్రం మాత్రమే.

ఇలాంటి క్రమశిక్షణకు తెలుగులోనే నమూనా ఉంది. స్త్రీశక్తి సంఘటన 1986లో తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర' తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల మాటలను వారి నోటనే వినిపించింది. ఎంతమంది స్త్రీలు పాల్గొన్నారన్న ప్రశ్నను దాటి, పోరాటం వారికి ఏమిచ్చింది, ముగిశాక వారిని ఎక్కడికి పంపింది అని అడిగింది. ఆ ప్రశ్న అడగకపోతే ఆ చరిత్రలో స్త్రీలు ఒక సంఖ్యగానే ఉండిపోయేవారు.

ఇదంతా అంకెల మీద యుద్ధం కాదు. లెక్కలు లేకపోతే మన మాటను 'ఒకరిద్దరి గోడు' అని తోసేస్తారు. మంచి లెక్కలు తమలోని గుణాత్మక పనిని దాచుకోవు కూడా. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో గృహహింస ప్రశ్నలు ఒక ఇంట్లో ఒక్క స్త్రీనే, అదీ ఏకాంతం దొరికితేనే అడగాలన్న నియమం ఉంది. 'హింస జరిగిందా' అని కాకుండా చెంపదెబ్బ, చేయి మెలిపెట్టడం, తన్నడం అని విడివిడిగా అడుగుతారు. ఎందుకంటే మొగుడి చెంపదెబ్బను హింస అని చాలామంది స్త్రీలు అనుకోరని ముందే కూర్చుని విన్నవారున్నారు. ఆ వినడం లేకపోతే ఆ శాతం లేదు.

కాబట్టి మన సంస్థల్లో, మన సంఘాల్లో పట్టుబట్టాల్సినవి కొన్ని ఉన్నాయి. ఆ గడి చివరి పేజీ నుంచి మొదటి పేజీకి రావాలి. ఏది పని, ఏది నష్టం, ఏది మార్పు అని సభ్యులే చెప్పాక సూచికలు తయారుకావాలి. నిధులిచ్చేవారు ముందే పంపిన సూచికలకు మన ఊళ్ళను సరిపెట్టకూడదు. విని, రాసి, తిరిగి చదివి వినిపించడానికి పట్టే రోజులకు బడ్జెట్‌లో జీతం చూపించాలి. ఫీల్డ్ కార్యకర్తను నెలకు ఇన్ని సమావేశాలని లెక్కగట్టి పరిగెత్తిస్తూ ఆమె నుంచి గుణాత్మక సమాచారం కావాలనడం కపటం. 'చైతన్యం పెరిగింది' అని రాసిన ప్రతిచోటా 'ఎవరు, ఎక్కడ, ఏం చేశారు, ఎవరు అడ్డం వచ్చారు' అని అడగాలి. జవాబు లేకపోతే ఆ వాక్యం కొట్టేయాలి.

తీరంలో కొత్త రేవులు, పరిశ్రమలు వస్తున్నాయి. ప్రాజెక్టులకు సామాజిక ప్రభావ అంచనాలు చేస్తుంటారు, వాటిలో 'ప్రధాన వృత్తి' కాలమ్ ఉంటుంది. ప్రజాభిప్రాయ సేకరణ రోజున మైకు ముందు అరిచే ముందే, ఫారం అచ్చయ్యే దశలోనే ఆ కాలమ్ దగ్గర మనం ఉండాలి. గంప మోసే స్త్రీ, ఎండ్రకాయలు పట్టే స్త్రీ తమ పనికి తామే పేరు పెట్టి ఆ కాలమ్‌లో రాయించుకోవాలి. ఎంతమంది అన్నది ఆ తర్వాత లెక్కపెట్టుకోవచ్చు.