కంప్యూటరు విద్యకు తెలుగు వివరణ

బాగలూరు, హోసూరు ప్రాంతముల తెలుగు యువకులు కంప్యూటరు కొలువులకై బెంగుళూరునకు పోవుచున్నారు. వారిలో పరీక్షల గైడ్లతోనే తృప్తి నొందువారు కలరు. అది చాలదని మా అభిప్రాయము.

ఏ ప్రోగ్రామునకు ఎంత మెమరీ ఈయవలెనో, ఏ ఫైలును ఎవరు తెరువవచ్చునో నిర్ణయించునది ఆపరేటింగ్ సిస్టమ్. దాని లోగుట్టు నెరిగినవారే దానిని చక్కగా నిర్వహింపగలరు, దొంగల బారినుండి కాపాడగలరు.

1991లో లినక్సు నారంభించిన లినస్ టోర్వాల్డ్స్ ఫిన్లాండులో స్వీడిష్ మాటలాడు అల్పసంఖ్యాకులలోనివాడు. మినిక్స్ అను చిన్న సిస్టమును వివరించుచు ఆచార్య టానెన్‌బామ్ 1987లో ప్రకటించిన ఆంగ్ల గ్రంథము ఆతనికి దారి చూపినది. పరభాషా గ్రంథమును చదువుటకై ఇంటిభాషను విడువ నక్కరలేదు.

2006 నాటి చట్టముతో మన బడులలో తమిళము నిర్బంధమైనది. తమిళము నేర్వవలసినదే. కాని బ్రతుకుదెరువు విద్యలో తెలుగు వినబడనిచో అది వంటయింటి భాషగా మిగులును.

కావున కొలువులలోనున్న మనవారు ఆదివారమున ఒక్కొక్క అధ్యాయమును పిల్లలకు తెలుగులో వివరింపవలెనని కోరుచున్నాము. ఆర్పాచి-డ్యూసో దంపతుల ‘ఆపరేటింగ్ సిస్టమ్స్: త్రీ ఈజీ పీసెస్’ ఇంటర్నెట్టులో ఉచితముగా లభించును. భద్రతా విషయమునకు రాస్ ఆండర్సన్ వ్రాసిన ‘సెక్యూరిటీ ఇంజనీరింగ్’ కలదు. నిర్వహణ నేర్చుటకు పాత కంప్యూటరులో లినక్సు నెక్కించి అభ్యసింపవలెను. కెర్నెల్, పాస్‌వర్డు వంటి మాటలు అట్లే యుండవచ్చును. వివరణ తెలుగులో వ్రాసి భద్రపరుపుడు. ఆ నోటుపుస్తకములే రేపటి తెలుగు గ్రంథమునకు పునాది యగును.