ఆగిన చక్రం, కదిలిన గీత

గత మాసంలో గ్రేటర్ నోయిడాలో కొత్తగా చేరిన ఇంజనీర్లకు భద్రతా పాఠం చెప్పే బాధ్యత మాపై పడింది. పాఠం మధ్యలో చిత్రకారుడు అక్బర్ పదమ్సీ 1970లో తీసిన ‘సిజిజీ’ చలనచిత్రాన్ని ప్రస్తావించగా కొందరు నవ్వుకున్నారు. లేతు యంత్రానికీ నైరూప్య చిత్రానికీ సంబంధమేమిటని వారి సందేహం.

ఉద్యోగంలో చేరిన తొలినాళ్ళలో ఒక వర్క్‌షాపులో, ట్యూబ్‌లైటు వెలుగున, తిరుగుతున్న చక్ ఆగిపోయిందనుకొని మేము చెయ్యి చాచాము. చుట్టూ ఉన్న యంత్రాల హోరులో దాని శబ్దం వేరుగా వినిపించలేదు. వృద్ధుడైన మేస్త్రీ చొక్కా పట్టి వెనక్కు లాగకపోతే ఈ శీర్షికను ఎడమచేత్తో రాయవలసి వచ్చేది. లెక్క సులభమే. 50 హెర్ట్జ్ విద్యుత్తుపై పాతకాలపు చోకు గల ట్యూబ్‌లైటు సెకనుకు 100 సార్లు మినుకుతుంది. మూడు దవడల చక్ నిమిషానికి 2,000 చుట్లు తిరిగితే, మినుకు మినుకుకూ సరిగ్గా మూడోవంతు చుట్టు పూర్తవుతుంది. ఒక దవడ ఉన్న చోటికి మరొక దవడ వస్తుంది. కంటికి అంతా నిశ్చలం! అందుకే పక్కపక్క దీపాలను వేర్వేరు ఫేజులకు కలపాలంటారు. చౌకరకం ఎల్‌ఇడి దీపాలలోనూ ఈ మినుకు ఉండవచ్చు.

పదమ్సీ చిత్రంలో జరిగేది దీనికి విపర్యయం. కథ లేదు, మనిషి లేడు, ధ్వని కూడా లేదు. దాదాపు వెయ్యి రేఖాచిత్రాలను వరుసగా కూర్చిన సుమారు 11 నిమిషాల మూకచిత్రమది. మొదట మాకు విసుగే కలిగింది, దాచడమెందుకు? కాసేపటికి గీతలు పెరుగుతున్నాయి, విడిపోతున్నాయి, మళ్ళీ కలుస్తున్నాయి. నిజానికి తెరపై ప్రతి బొమ్మా నిలకడగానే ఉన్నది. నిలకడ గీతలను వెంటవెంట చూపితే మనసు వాటి నడుమ చలనాన్ని కల్పిస్తుందని 1912లోనే మాక్స్ వెర్తైమర్ ప్రయోగపూర్వకంగా చూపాడు. కథానాయకుడున్న సినిమాలో ఈ కల్పనను గమనించే తీరిక మనకెక్కడిది?

నవ్వినవారిలో ఒక అమ్మాయి లేచి, “సార్, మన శిక్షణ వర్క్‌షాపులో దీపాలు ఎన్ని ఫేజులపై ఉన్నాయి?” అని అడిగింది. మా వద్ద సమాధానం లేదు. పాఠం ఆపి, ఎలక్ట్రీషియన్‌ను పిలిచి పంపిణీ పెట్టె తెరిపించాము. లేతుల వరుస మీది దీపాలన్నీ ఒకే ఫేజుపై ఉన్నాయి. మార్పు పూర్తయ్యేవరకు, మూడు రోజులపాటు, ఆ వరుసను నడపనివ్వలేదు.