సాలుంకేను చూసి నవ్వడమెందుకు?

ఏటా మే 3 వచ్చేసరికి పత్రికల్లో, టీవీల్లో, క్విజ్ పోటీల్లో అదే ముక్క: మన సినిమాల్లో మొదటి హీరోయిన్ ఓ హోటల్ పనివాడట, అదీ మగాడట! చెప్పేవాళ్లూ వినేవాళ్లూ నవ్వుకుంటారు. అన్నా సాలుంకే ప్రస్తావన అంతటితో సరి.

ఇంతకీ ఈ ఎగతాళి దేనికి? 1913 మే 3న విడుదలైన ‘రాజా హరిశ్చంద్ర’లో తారామతి వేషానికి ఎంత వెతికినా ఆడవాళ్లెవరూ ముందుకు రాలేదు. బొంబాయి గ్రాంట్ రోడ్డులో ఒక హోటల్లో నెలకు 10 రూపాయల జీతంతో నెట్టుకొస్తున్న సాలుంకేకు ఆ చిత్రం తీస్తున్న దాదాసాహెబ్ ఫాల్కే 15 రూపాయలిస్తానన్నారు. ఆ జీతం లెక్క పట్టుకుని వందేళ్లకు పైగా నవ్వుతున్నారు! హోటల్లో పనిచేసినవాడు నటుడు కాకూడదని ఏ శాస్త్రంలో ఉంది? రజనీకాంత్ బస్సు కండక్టరుగా చేశాడని చెప్పేటప్పుడు ఇదే జనానికి ఛాతీ ఉప్పొంగుతుంది. అక్కడ కష్టం ఘనత, ఇక్కడ నవ్వులాట. ‘రాజా హరిశ్చంద్ర’ తీసిన వైనం మీద 2009లో వచ్చిన మరాఠీ చిత్రం ‘హరిశ్చంద్రాచీ ఫ్యాక్టరీ’ సైతం చీర కట్టిన మగవాళ్ల దగ్గర నవ్వులే ఏరుకుంది.

తెలుగువాళ్లకైతే ఈ నవ్వు మరీ తగదు. నాటకాల్లో స్థానం నరసింహారావు కట్టిన సత్యభామ వేషాన్ని తాతల నాటి నుంచీ తలచుకుంటున్న జాతి ఇది. 1956లో ఆయనకు పద్మశ్రీ వస్తే పొంగిపోయాం. ఆడవేషం అక్కడ కళ అయినప్పుడు గ్రాంట్ రోడ్డులో వెటకారం ఎలా అయింది? పైగా స్థానం వారికి పాటా పద్యమూ తోడున్నాయి. మూకీ తెర మీద సాలుంకేకు గొంతే లేదు. కళ్లు, చేతులు, ఒంటి కదలిక, వీటితోనే తారామతి దుఃఖం మొత్తం చూపాలి.

ఆడవాళ్లు దొరక్క పెట్టుకున్నారు, అంతే కదా అంటారు. అదే 1913లో ఫాల్కే తీసిన ‘మోహినీ భస్మాసుర’లో దుర్గాబాయి కామత్, ఆమె కూతురు కమలాబాయి నటించారు. అయినా 1917లో ‘లంకాదహనం’ తీసేటప్పుడు సీత వేషం సాలుంకేకే ఇచ్చారు. గతిలేకే అయితే ఇదేమిటి?

సీతే కాదు, ఆ చిత్రంలో రాముడూ ఆయనే! విడిపోయిన భార్యాభర్తలిద్దరి వేదననూ ఒకే మనిషి మోశారు. నేటి తారలు ద్విపాత్రాభినయం చేస్తే వారం రోజులు పోస్టర్ల పండగ. తెర మీద రాముడు కనబడగానే ప్రేక్షకులు చెప్పులు విడిచారని చెబుతారు. వాళ్లు విడిచింది హోటల్ పనివాడి ముందా? తర్వాతి కాలంలో ఆయన కెమెరా కూడా పట్టారు. ఆ సంగతి ఏ క్విజ్ మాస్టరుకూ పట్టదు.

సినిమా పాఠాల్లో ఫాల్కే తర్వాత సాలుంకేకు ఒక అధ్యాయం ఉండాలి. ఫాల్కే చిత్రాల్లో మిగిలిన కాసిని రీళ్లను పుణే ఫిల్మ్ ఆర్కైవ్ భద్రపరిచింది. వాటిని విద్యార్థులకు వేసి చూపి, నటన గురించి మాట్లాడించాలి. జీతం లెక్క ఆ తర్వాత చెప్పుకోవచ్చు.