నటుడు పోతే పాత్రకు పాడె కట్టాలా?

మార్వెల్ సంస్థవారు తమ చిత్రపరంపరలో టచాలా అనే పాత్రను చంపివేసి అన్యాయం చేశారనీ, దానిని సరిదిద్దుకొనే దారి ఇంకా తెరిచే ఉన్నదనీ, ఆ దారిలో వారిని నడవనీయనిది మర్యాద కాదు, జంకు అనీ నా అభియోగం. తెలుగు పండితుడికి అమెరికా కామిక్ వీరులతో ఏమి పని అని కొందరు మిత్రులు ముక్కున వేలు వేసుకుంటారని ఎరుగుదును. ముప్పై ఏళ్ళకు పైగా పిల్లలకు నాటకలక్షణాలు బోధించినవాడికి, నాటకం ఏ దేశంలో ఆడినా దానిమీద ఒక మాట అనే చొరవ ఉంటుంది. పైగా మా మనవడి పక్కన కూర్చుని ఈ చిత్రాలన్నీ వరుసగా చూసినవాణ్ణి. చూడకుండా విమర్శించిన పాపం నాకు అంటదు.

తెలియనివారి కోసం నాలుగు ముక్కలు. స్టాన్ లీ, జాక్ కర్బీ 1966లో ‘ఫెంటాస్టిక్ ఫోర్’ 52వ సంచికలో సృష్టించిన రాజు టచాలా. ఆఫ్రికాలో వకాండా అనే కల్పిత రాజ్యానికి ప్రభువు. పరాయి పాలన ఎరుగని రాజ్యమది. దాని రక్షకునికి తరతరాలుగా సంక్రమించే బిరుదు బ్లాక్ పాంథర్, అంటే నల్ల చిరుత. అమెరికాలోని పెద్ద కామిక్ ప్రచురణలలో నల్లజాతి అతిమానుష వీరుడు అడుగుపెట్టడం అదే ప్రథమం. అతడు ఈ చిత్రపరంపరలోకి రావడానికి సరిగ్గా యాభై ఏళ్ళు పట్టింది. 2016లో ‘కెప్టెన్ అమెరికా: సివిల్ వార్’లో చాడ్విక్ బోస్‌మన్ ఆ పాత్ర ధరించాడు. 2018లో ర్యాన్ కూగ్లర్ దర్శకత్వంలో ‘బ్లాక్ పాంథర్’ వచ్చింది. 130 కోట్ల డాలర్లకు పైగా వసూలు చేసింది, మూడు ఆస్కార్లు గెలుచుకున్నది. 2020 ఆగస్టు 28న బోస్‌మన్ పెద్దప్రేగు క్యాన్సరుతో 43 ఏళ్ళకే కన్నుమూశాడు. నాలుగేళ్ళు ఆ వ్యాధిని గుట్టుగా భరిస్తూ, చికిత్సల నడుమనే ఆ పోరాటదృశ్యాలన్నీ నటించాడని లోకానికి అప్పుడు గాని తెలియలేదు. ఆ మనిషి ముందు ఎవరైనా తల వంచవలసిందే.

అదే ఏడు డిసెంబరులో మార్వెల్ అధిపతి కెవిన్ ఫైగీ, బోస్‌మన్ నటన మరే రూపానికీ అందనంత ఎత్తైనదనీ, కనుక ఆ పాత్రను వేరొకరికి ఇవ్వబోమనీ ప్రకటించాడు. 2022 నవంబరులో వచ్చిన ‘వకాండా ఫరెవర్’లో టచాలా పేరు లేని ఏదో వ్యాధితో మరణించాడు. రాజు పోయాడు, చెల్లెలు షూరీ చిరుత కవచం ధరించింది. అక్కడితో కథ తేలిపోయిందని వారి భావన. ఎక్కడ తేలింది?

మన ఆలంకారికులు అనుకార్యుడు, అనుకర్త అని రెండు మాటలు వాడారు. అనుకార్యుడు రాముడు, అనుకర్త రాముని వేషం ధరించిన నటుడు. రసం వీరిలో ఎవరిని ఆశ్రయించి ఉంటుందన్న విషయమై భట్టలోల్లటుడు మొదలు అభినవగుప్తుని దాకా ఎంతో వాదం నడిచింది గాని, ఇద్దరూ ఒకరేనని అన్న ఆలంకారికుణ్ణి నేను చదవలేదు. శంకుకుడు చిత్రతురగన్యాయం చెప్పాడు. పటంలోని గుర్రాన్ని చూసి గుర్రమే అనుకుంటాము. అయినా అది పటమని మనకు తెలుసు. ఇప్పుడు మార్వెల్‌వారు చేసినదేమిటి? అపురూపమైన పటం ఒకటి చిరిగిపోయిందని గుర్రానికి దహనసంస్కారం చేశారు.

ఈ వివేకం మన పల్లెటూరి ప్రేక్షకుడికి శాస్త్రం చదవకుండానే ఉండేది. తిరుపతి వేంకటకవుల పాండవ నాటకాలు కలిపి రాత్రంతా ఆడే రోజుల్లో ఒకే నాటకంలో ఇద్దరు, ముగ్గురు కృష్ణులు వచ్చేవారు. పడకసీనుకు ఒక కృష్ణుడు, రాయబారానికి ఇంకొక కృష్ణుడు. కరపత్రంలోనే ఒకటవ కృష్ణుడు, రెండవ కృష్ణుడు అని అచ్చువేసేవారు. హరిశ్చంద్ర నాటకంలో కాటిసీనుకు వేరే హరిశ్చంద్రుడు దిగేవాడు. ముక్కు మారింది, గొంతు మారింది, ఎత్తు మారింది. ఇతడు కృష్ణుడు కాడని లేచిపోయినవాణ్ణి నేను చూడలేదు. ఒకరు బాగా పాడారనీ ఇంకొకరు తేలిపోయారనీ తెల్లవారి అరుగులమీద తగువులాడుకునేవారు. ఆ తగువు పాత్ర బ్రతికి ఉన్నదనడానికి గుర్తు. స్థానం నరసింహారావు గారు ‘శ్రీకృష్ణ తులాభారం’లో సత్యభామగా ఎంతటి కీర్తి గడించారో చెప్పనక్కరలేదు. ఆయన 1971లో స్వర్గస్థులయ్యారు. సత్యభామ స్వర్గస్థురాలు కాలేదు.

ఇక ‘వకాండా ఫరెవర్’ మంచి చిత్రం కాదని నేను అనను. తొలి నిమిషాలలో షూరీ ప్రయోగశాలలో మూలికను కృత్రిమంగా తయారుచేయడానికి పెనుగులాడుతుండగానే తల్లి వచ్చి, అన్న ఇక లేడని చెబుతుంది. రాజు మరణం మనకు కనబడదు. నాయకుని మరణాన్ని రంగంమీద చూపరాదని ధనంజయుడు దశరూపకంలో నియమం పెట్టాడు; కూగ్లర్ ఆ గ్రంథం చూసి ఉండడు గాని, మంచి కళాకారుని ఔచిత్యం అతడిని అక్కడికే నడిపింది. సంస్థ చిహ్నం కనిపించేచోట బోస్‌మన్ రూపాలను మాత్రమే నిశ్శబ్దంగా చూపారు. హాలు హాలంతా ఊపిరి బిగబట్టింది. తల్లి రమోండాగా ఏంజెలా బాసెట్ శోకం నిజమైన శోకం. ఇదంతా నిజమే. అయితే శ్రద్ధాంజలి ఘటించడానికి ఒక ఘడియ చాలు, ఒక చిత్రం కూడా చాలు. అరవై ఏళ్ళ పాత్రను ఆ చితిలోనే వేయనవసరం లేదు.

వేయడంవల్ల ఏమి పోయిందో చూడండి. మొదటి ‘బ్లాక్ పాంథర్’లో అసలు కథ ఒక రాజు మనసు మారడం. వకాండా తన సంపదను, విద్యను శతాబ్దాలుగా దాచుకొని, ఇరుగుపొరుగు నల్లజాతివారు బానిసలుగా అమ్ముడుపోతుంటే చూస్తూ ఊరకున్నది. ఆ పాపాన్ని కిల్‌మాంగర్ వేలెత్తి చూపుతాడు. అతడిని యుద్ధంలో గెలిచిన టచాలా వాదంలో మాత్రం ఓడిపోతాడు. ఓడినవాడు గనుకనే చివరకు వియన్నాలో ఐక్యరాజ్యసమితి సభలో నిలబడి తమ తలుపులు తెరుస్తామని ప్రకటిస్తాడు. ఒక రాజు అంతటి నిర్ణయం చేసిన తరువాత ఏమవుతుంది? తెరిచిన తలుపులోనుండి దొంగలు వస్తారు. వచ్చారు కూడా. రెండవ చిత్రంలో ఫ్రాన్సు సైనికులు వకాండా కేంద్రంమీదికి వైబ్రేనియం లోహం కోసం తెగబడతారు. ఇంకొకవైపు సముద్రగర్భంలోని రాజు నేమోర్, మీరు చేసిన ప్రకటనవల్లనే నా ప్రజలకు ముప్పు వచ్చిందని నిలదీస్తాడు. ఆ నిందకు జవాబు చెప్పవలసినవాడు ఎవరు? మాట ఇచ్చిన టచాలా. అతడు లేడు. అతని నిర్ణయానికి తల్లి ప్రాణం ఇచ్చింది, చెల్లెలు యుద్ధం చేసింది. చేసిన పనికి ఫలం అనుభవించని రాజుగా, ఎన్నడూ పరీక్షకు నిలవని మహాపురుషుడుగా అతణ్ణి గోడమీద పటం చేసి, పూలదండ వేశారు. ధీరోదాత్తుడనే లక్షణానికి ఇంతకన్న అవమానం వేరే లేదు. అతని ఆయుర్దాయం నాలుగు చిత్రాలు. అందులో తన కథగా నడిచినది ఒక్కటే.

మరణించిన నటునిపట్ల గౌరవమే కారణమైతే ఆ గౌరవం అందరికీ ఒకటిగా ఉండాలి గదా. ఇదే చిత్రపరంపరలో రాస్ అనే సేనాని పాత్ర ధరించిన విలియం హర్ట్ 2022 మార్చిలో చనిపోయాడు. అదే ఏడు అక్టోబరుకల్లా ఆ పాత్రను హారిసన్ ఫోర్డ్‌కు ఇచ్చినట్లు వార్త వచ్చింది. 2025 ఫిబ్రవరిలో చిత్రం కూడా వచ్చింది. హర్ట్ ఆస్కార్ గెలిచిన నటుడు, చిన్నవాడేమీ కాడు. అక్కడ పాత్ర వేరు, నటుడు వేరు అని సంస్థకు చక్కగా తెలిసింది. మరొక ముచ్చట. 2017లో ‘లోగన్’ చిత్రంలో వుల్వరిన్‌ను చంపి, పూడ్చి, సమాధిమీది శిలువను పక్కకు వంచి మరీ ఏడిపించారు. 2024లో హ్యూ జాక్‌మన్ మరొక విశ్వంనుండి వచ్చానంటూ పసుపు దుస్తులలో దిగాడు. వసూళ్ళూ 130 కోట్ల డాలర్లు దాటాయి. మరణం పవిత్రమన్న నియమం టికెట్లు తెగేచోట వర్తించదని దీనివల్ల తెలుస్తున్నది. తెల్లవాడైన రాస్‌కు వారసుడు దొరికాడు, తెల్లవాడైన వుల్వరిన్‌కు పునర్జన్మ దొరికింది, నల్లజాతి రాజుకు మాత్రం ఘనమైన అంత్యక్రియలు. ఇది వారు కావాలని చేశారని నేను అనను. ఫలితం మాత్రం ఇదే. నల్లజాతి ప్రేక్షకులే ముందుండి, పాత్రను మరొకరికి ఇవ్వండని సంతకాలు సేకరించారు. బోస్‌మన్ అన్నగారు కూడా, టచాలా తనకన్న పెద్దవాడని తమ్ముడు భావించేవాడనీ, పాత్ర కొనసాగడమే మేలనీ చెప్పినట్లు పత్రికలు వ్రాశాయి.

షూరీ చిరుత కవచం ధరించడం నాకు అభ్యంతరం కాదు. కామిక్ కథలలో 2009 నాటికే ఆమె ఆ పీఠం ఎక్కింది; లెటీషియా రైట్ ఆ భారం బాగానే మోసింది. అన్న బ్రతికి ఉన్నా ఆమెకు చోటు ఉంటుంది. నాకు మింగుడుపడనిది ఆ చివరి మెలిక. హైతీలో దాచిపెట్టిన పసివాడు ఒకడు ప్రత్యక్షమై, తన వకాండా పేరు టచాలా అంటాడు. తండ్రి పేరు బిడ్డకు పెట్టుకోవడం ముచ్చటే. మనం తాత పేరు మనవడికి పెట్టుకుంటాము. అంతమాత్రాన మనవడు తాత చేసిన బాకీ పత్రాలమీద వేలిముద్ర వేసినవాడు కాడు. వియన్నాలో మాట ఇచ్చినది ఈ పసివాడు కాడు. రేపు ఇతణ్ణే ఏదో కాలమహిమతో పెద్దవాణ్ణి చేసి తెస్తే, పాత్రను మార్చలేదు అనీ మార్చాము అనీ రెండూ చెప్పుకోవచ్చునన్న లౌక్యం ఇందులో నాకు కనిపిస్తున్నది. దొడ్డిదారిన వచ్చిన రాజును రాజు అనరు.

అంత్యక్రియలు చూపిన తరువాత ఇంకెలా తెస్తారని అడగవచ్చు. ‘సీక్రెట్ వార్స్’ తరువాత ఈ పరంపరను కొత్తగా సవరించి, ఎక్స్-మెన్ పాత్రలకు కొత్త నటులను తీసుకుంటామని ఫైగీ 2025 జులైలో స్వయంగా చెప్పాడు. కథనే మొదటినుండి కొత్తగా పట్టుకుంటున్నప్పుడు వుల్వరిన్‌కు ఉన్న అవకాశం టచాలాకు ఎందుకు లేదు? కొత్త నటుడు పోలికకు నిలవలేడన్న భయం ఉన్నదంటారు. 2008లో మరణించిన హీత్ లెడ్జర్ జోకర్ పాత్రకు మరణానంతరం ఆస్కార్ పొందాడు. ఇక ఆ పాత్ర జోలికి ఎవరు పోతారన్నారు. 2019లో వాకిన్ ఫీనిక్స్ పోయాడు, అతడికీ ఆస్కార్ వచ్చింది.

పైగా టచాలాను మరొకరు అందుకోవడానికి వీలుగా తీర్చినవాడు బోస్‌మనే. ఆ రాజు ఆంగ్లేయుల యాసలో మాట్లాడితే బాగుంటుందేమోనన్న ఆలోచన నిర్మాణవర్గంలో వచ్చినప్పుడు అతడు ససేమిరా అన్నాడు. పరాయి పాలన ఎరుగని దేశపు రాజు పలుకుబడి పరాయివాడి దగ్గర ఎందుకు నేర్చుకుంటాడన్నది అతని వాదం. భాష చెప్పి బ్రతికినవాణ్ణి గనుక ఈ ఒక్క సంగతి విన్ననాడే నాకు అతనిపై గౌరవం రెట్టింపయింది. తండ్రి పాత్రధారి జాన్ కాని దక్షిణాఫ్రికా వాడు, ఖోసా మాతృభాషగా గలవాడు. చిత్రీకరణ జరిగేచోటనే అతని దగ్గర ఖోసా పలుకులు నేర్చుకొని, రాజు యాసను వాటిమీద కట్టాడు. అందులో బోస్‌మన్ ముఖానికి మాత్రమే అతుక్కొని పోయేదేదీ లేదు. ఇంకొక నటుడు శ్రమపడితే పట్టుబడేదే అంతా. నాలుక అంగిలికి తగిలించి టక్కుమనిపించే ఆ హల్లులు నేర్పగలవారు కేప్ ప్రాంతంలో లక్షల్లో ఉన్నారు.